పన్నెండేళ్ళు దాటితే గ్రాండ్‌మాస్టర్ కాలేరా? ఆ ఫార్వర్డ్‌కు నా జవాబు

పోయిన నెల నా చెస్ క్లాసు అయ్యాక ఒక పిల్లవాడు పావులు డబ్బాలో సర్దుతూ అడిగాడు: "సార్, నాకు పద్నాలుగు వచ్చేశాయి. ఇంక నేను గ్రాండ్‌మాస్టర్ అవ్వనట్టే కదా?" ఎవరు చెప్పారు నాన్నా అంటే ఫోన్ చూపించాడు. వాళ్ళమ్మకు ఎవరో పంపిన మెసేజ్. అదే మెసేజ్ అప్పటికే నాకూ మూడు గ్రూపుల్లో వచ్చింది. చదివి ఊరుకున్నాను. అలా ఊరుకోవడం తప్పని ఆ పిల్లవాడి ముఖం చూశాక అర్థమైంది. అందుకే ఇంత వివరంగా రాస్తున్నాను.

గ్రాండ్‌మాస్టర్ అంటే చెస్ ఆటగాళ్ళకు ఇచ్చే అత్యున్నత టైటిల్. మీకు ఇంకా రాకపోయి ఉంటే, ఆ మెసేజ్ చెప్పేది ఇది. గ్రాండ్‌మాస్టర్లు పుట్టుకతోనే మేధావులు, వాళ్ళ ఐక్యూ 180కి పైనే ఉంటుంది. బోర్డు చూడగానే ఇరవై ఎత్తులు ముందుకు చూసేస్తారు. పన్నెండేళ్ళలోపు టైటిల్ రాకపోతే ఇక రాదు. ముప్పై దాటితే ఆట ముగిసినట్టే. ఆడపిల్లలు ఆ స్థాయిని అందుకోలేరు. బోర్డు ముందు కూర్చుంటే చాలు రోజుకు 6000 కేలరీలు ఖర్చవుతాయి. ఈమధ్య టైటిల్ మరీ చవకైపోయింది, కంప్యూటర్లు వచ్చాక దానికి విలువ కూడా లేదు. అయినా టైటిల్ వచ్చిందంటే జీవితాంతం కోట్లే. చివర్లో, "మీ పిల్లల భవిష్యత్తు కోసం అందరికీ పంపండి."

టైటిల్ పుట్టు మేధావులకే వస్తుందనీ, అది చవకైపోయిందనీ ఒకే మెసేజ్‌లో ఉంది. రెండూ ఒకేసారి నిజం కాలేవు. నిజానికి రెండూ తప్పే. ఒక్కోటీ చూద్దాం.

ముందు ఐక్యూ సంగతి. మాజీ ప్రపంచ ఛాంపియన్ గ్యారీ కాస్పరోవ్ ఐక్యూ 190 అని ఎన్నో ఏళ్ళుగా తిరుగుతోంది. 1987లో జర్మన్ పత్రిక డెర్ స్పీగెల్ ఆయనకు నిపుణులతో పరీక్షలు పెట్టించింది. వచ్చిన అంకె 135. చాలా తెలివైన మనిషే, కానీ అలాంటివాళ్ళు ప్రతి పెద్ద కాలేజీలోనూ కనిపిస్తారు. వాళ్ళలో ఎవరూ పదిహేనేళ్ళ పాటు ప్రపంచ ఛాంపియన్‌గా ఉండలేదు. తెలివితేటలకూ చెస్‌కూ సంబంధమే లేదని నేను అనను. కొంత ఉంది. ఆటగాడి స్థాయి పెరిగేకొద్దీ ఆ సంబంధం పలచబడుతుంది, సాధన బరువు పెరుగుతుంది.

దీని మీద మంచి ప్రయోగమే ఉంది. 1973లో విలియం చేజ్, హెర్బర్ట్ సైమన్ అనే ఇద్దరు పరిశోధకులు, నిజమైన గేముల్లోంచి తీసిన పొజిషన్లను ఆటగాళ్ళకు ఐదు సెకన్లు చూపించి, మళ్ళీ బోర్డు మీద పేర్చమన్నారు. మాస్టర్ చాలా పావులను సరిగ్గా పెట్టాడు, కొత్తగా నేర్చుకున్నవాడు కొన్నే పెట్టగలిగాడు. తర్వాత అవే పావులను ఇష్టమొచ్చినట్టు చెల్లాచెదురుగా పెట్టి చూపించారు. ఆ దెబ్బతో మాస్టర్ కూడా దాదాపు కొత్తవాడి స్థాయికి దిగిపోయాడు. జ్ఞాపకశక్తి పుట్టుకతో వచ్చిన వరమే అయితే పావులు ఎలా ఉన్నా పనిచేయాలి కదా?

ఇది నా క్లాసులో రోజూ కనిపిస్తుంది. రాజు జీ1 అనే గడిలో, రూక్ ఎఫ్1లో, గుర్రం ఎఫ్3లో, బిషప్ జీ2లో, ముందు మూడు బంట్లు. నిన్న చేరిన పిల్లకు ఇవి ఏడు పావులు, ఏడు గళ్ళు. ఒక్కోటీ వేలితో చూపిస్తూ గుర్తుపెట్టుకుంటుంది. ఏడాది నుంచి వస్తున్న పిల్ల "ఫియాంకెటో, క్యాజిల్ అయింది" (బిషప్ మూలవైపు గడిలో కుదురుకుంది, రాజు భద్రంగా పక్కకు చేరాడు) అని ఊరుకుంటుంది. ఆ పిల్లకు ఆ ఏడూ కలిసి ఒకే బొమ్మ. గ్రాండ్‌మాస్టర్ తలలో ఇలాంటి బొమ్మలు వేలకు వేలు ఉంటాయి. అవి ఏళ్ళ తరబడి వేల గేములు ఆడి, చూసి, ఓడిపోయి పోగేసుకున్నవి. మెసేజ్‌లో నన్ను బాగా బాధపెట్టింది ఇదే. ఆ కష్టమంతటినీ "పుట్టుక" అనే ఒక్క మాటతో తుడిచేశారు.

ఇరవై ఎత్తుల కథ కూడా ఆ పుట్టు మేధావి మాట నుంచి పుట్టిందే. డచ్ మనస్తత్వ శాస్త్రవేత్త అడ్రియాన్ డి గ్రూట్ 1940ల్లోనే దీన్ని పరీక్షించాడు. ఆయన నెదర్లాండ్స్ తరఫున చెస్ ఒలింపియాడ్‌లో ఆడిన మనిషి కూడా. ఆటగాళ్ళకు ఒక పొజిషన్ ఇచ్చి, ఆలోచించేదంతా పైకి చెప్పమన్నాడు. గ్రాండ్‌మాస్టర్లు మిగతా బలమైన ఆటగాళ్ళ కన్నా మరీ అంత లోతుకు వెళ్ళలేదు. తేడా ఎక్కడంటే, పరిశీలించదగ్గ ఎత్తు వాళ్ళ కంటికి ముందే ఆనింది. మిగతావాళ్ళు పనికిరాని ఎత్తులను కూడా కష్టపడి లెక్కవేస్తూ కూర్చున్నారు.

కొన్నిచోట్ల నిజంగానే చాలా దూరం చూస్తారు. వరుసగా చెక్‌లు ఇస్తూ ప్రత్యర్థికి వేరే దారి లేకుండా చేసినప్పుడు, బంట్ల ఎండ్‌గేముల్లో (రాజులు, బంట్లే మిగిలిన చివరి దశలో), పది పదిహేను ఎత్తులు లెక్కవేయడం వాళ్ళకు అలవాటే. కానీ మామూలు పొజిషన్లో రెండు మూడు ఎత్తులు తప్పు లేకుండా చూడటమే అసలు పరీక్ష. అందులో ప్రపంచ ఛాంపియన్లు కూడా తప్పుతారు. 2006లో బాన్ నగరంలో డీప్ ఫ్రిట్జ్ అనే ప్రోగ్రామ్‌తో ఆడుతూ, అప్పటి ప్రపంచ ఛాంపియన్ వ్లాదిమిర్ క్రామ్నిక్ తన క్వీన్‌ను ఈ3లో పెట్టాడు. ప్రోగ్రామ్ క్వీన్ హెచ్7కి వచ్చింది. మేట్, అంటే రాజుకు దారి లేదు, ఆట ముగిసింది. ఒక్క ఎత్తులో మేట్! 2024 డిసెంబర్ 12న సింగపూర్‌లో, ప్రపంచ ఛాంపియన్ డింగ్ లిరెన్‌కూ మన గుకేశ్‌కూ మధ్య టైటిల్ మ్యాచ్‌లో జరిగిన 14వ గేమ్ చాలామందికి గుర్తుండే ఉంటుంది. డింగ్ తన రూక్‌ను ఎఫ్2కి తెచ్చి మార్పిడికి పెట్టాడు. రూక్‌లు పోయాయి. ఆయన బిషప్ మూలన ఏ8లో చిక్కుకుని ఉంది, దాన్నీ మార్చుకోక తప్పలేదు. మిగిలింది బంట్ల ఎండ్‌గేమ్, అందులో గుకేశ్‌కు ఒక బంటు ఎక్కువ. గేమ్, ప్రపంచ టైటిల్ రెండూ ఒకే ఎత్తుతో పోయాయి. తప్పు జరిగిందని తనకు కూడా వెంటనే తట్టలేదని, వేరే ఎత్తు వేయబోయానని గుకేశే తర్వాత చెప్పాడు. పద్నాలుగు గేముల అలసట, టెన్షన్, గడియారం, ఇవన్నీ కలిస్తే అలా అవుతుంది. ఆ కుర్చీలో కూర్చునేది మనిషి.

ఇక ఆ పిల్లవాడిని ఏడిపించిన మాట: "పన్నెండేళ్ళలోపు."

పన్నెండేళ్ళు నిండకముందే గ్రాండ్‌మాస్టర్ టైటిల్ సాధించినవాళ్ళు చరిత్రలో ఒక్కరూ లేరు. 2021లో అభిమన్యు మిశ్రా రికార్డు బద్దలు కొట్టినప్పుడు అతని వయసు 12 ఏళ్ళ 4 నెలల 25 రోజులు. అంతకుముందు పంతొమ్మిదేళ్ళ పాటు నిలిచిన సెర్గీ కర్యాకిన్ రికార్డు 12 ఏళ్ళ 7 నెలలు. గుకేశ్‌ది కూడా 12 ఏళ్ళ 7 నెలలే, పదిహేడు రోజుల తేడాతో రికార్డు తప్పింది. అంటే మెసేజ్ పెట్టిన గీతను చెస్ చరిత్రలో అత్యంత చిన్నవయసు గ్రాండ్‌మాస్టర్లు కూడా అందుకోలేదు. ఈ ఒక్క మాట ఎవరైనా సరిచూసుకుని ఉంటే ఆ మెసేజ్ బయటికి వచ్చేదే కాదు.

ప్రపంచ ఛాంపియన్లను చూడండి. మాగ్నస్ కార్ల్‌సన్‌కు 13 ఏళ్ళప్పుడు టైటిల్ వచ్చింది. బాబీ ఫిషర్‌కు 15, కాస్పరోవ్‌కు 17, బోరిస్ స్పాస్కీకి 18, విశ్వనాథన్ ఆనంద్‌కు 18, అనతోలీ కార్పోవ్‌కు 19. పద్నాలుగేళ్ళ పిల్లవాడు ఆలస్యమైపోయిందని ఏడిస్తే, వీళ్ళలో ఐదుగురు అప్పటికి ఇంకా గ్రాండ్‌మాస్టర్లు కాలేదని ఎవరు చెప్పాలి?

ఇంకా ఆలస్యంగా వచ్చినవాళ్ళున్నారు. చైనాకు చెందిన యె జియాంగ్‌చువాన్ ఈ ఆట నేర్చుకోవడం మొదలుపెట్టిందే పదిహేడేళ్ళకు. గ్రాండ్‌మాస్టర్ అయ్యాడు, తన దేశపు జట్టులో మేటి ఆటగాడయ్యాడు. మన దేశపు ప్రవీణ్ థిప్సేకి 1997లో, ముప్పై ఏడేళ్ళు దాటాక టైటిల్ వచ్చింది. అమెరికన్ ఆటగాడు బెన్ ఫైన్‌గోల్డ్‌కు నలభై ఏళ్ళకు వచ్చింది. లారీ కాఫ్‌మన్ 2008లో ప్రపంచ సీనియర్ ఛాంపియన్‌షిప్ గెలిచి అరవై ఏళ్ళప్పుడు గ్రాండ్‌మాస్టర్ అయ్యాడు. మీర్ సుల్తాన్ ఖాన్ చిన్నప్పుడు మన పాత చదరంగం నియమాలతో ఆడినవాడు. అంతర్జాతీయ నియమాలు నేర్చుకున్నది ఇరవై దాటాక. కొన్నేళ్ళకే 1929లో బ్రిటిష్ ఛాంపియన్ అయ్యాడు, మళ్ళీ 1932, 1933లోనూ గెలిచాడు, మధ్యలో మాజీ ప్రపంచ ఛాంపియన్ కాపాబ్లాంకాను ఓడించాడు. ఆయన పోయిన ఎన్నో ఏళ్ళకు, 2024లో, అంతర్జాతీయ చెస్ సమాఖ్య ఫిడే ఆయనకు గౌరవ గ్రాండ్‌మాస్టర్ టైటిల్ ఇచ్చింది.

చిన్నప్పుడే మొదలుపెడితే మంచిది కాదా అంటే, మంచిదే. ప్రపంచంలో మొదటి పదిమందిలో నిలబడాలంటే దాదాపు అందరూ చిన్నప్పుడే మొదలుపెట్టినవాళ్ళే. ఆ మాట దాచను. కానీ గ్రాండ్‌మాస్టర్ టైటిల్ వేరు, ప్రపంచ టాప్ టెన్ వేరు. మెసేజ్ రెంటినీ కలిపేసింది.

అసలు టైటిల్ ఎలా వస్తుందో తెలిస్తే, చవకైపోయిందన్న మాటకు కూడా జవాబు దొరుకుతుంది. ఆటగాడి బలాన్ని చూపే అంకె, రేటింగ్, ఎప్పుడో ఒకసారి 2500 తాకాలి. దానికి తోడు మూడు నార్మ్‌లు (ఒక టోర్నమెంట్‌లో గ్రాండ్‌మాస్టర్ స్థాయి ఆట చూపినందుకు వచ్చే గుర్తింపు) కావాలి, అవి కనీసం 27 గేముల మీద రావాలి. ఒక్కో నార్మ్‌కు ఆ టోర్నమెంట్‌లో 2600 స్థాయి ఆట చూపించాలి. ప్రత్యర్థుల్లో మూడో వంతు గ్రాండ్‌మాస్టర్లు ఉండాలి, వేరే దేశాల వాళ్ళు ఉండాలి. ప్రత్యర్థుల సగటు రేటింగ్ 2380 అయితే తొమ్మిది గేముల్లో ఏడు పాయింట్లు తేవాలి. ఆరున్నర వస్తే నార్మ్ లేదు.

ఆ అర పాయింట్ అంటే ఏమిటో నేను దగ్గరగా చూశాను. నాకు తెలిసిన ఒక కుర్రాడికి చివరి రౌండ్‌లో గెలుపు కావాలి. అప్పటికి నాలుగు గంటలుగా ఆడుతున్నాడు, ఒక బంటు ఎక్కువ ఉంది, క్లాక్‌లో రెండు నిమిషాలున్నాయి. ఎదుటివాడు రూక్‌తో వెనక నుంచి చెక్‌లు ఇస్తూనే ఉన్నాడు. చివరికి ఒకే పొజిషన్ మూడోసారి వచ్చింది, డ్రా. స్కోర్ షీట్ మీద సంతకం పెట్టి, కార్బన్ కాపీ మడిచి జేబులో పెట్టుకుని, హాలు బయట మెట్ల మీద చాలాసేపు కూర్చున్నాడు. ఆ నార్మ్ మళ్ళీ రావడానికి రెండేళ్ళు పట్టింది. టైటిల్ చవక అనే మాట అతని ముందు అనగలమా?

1950లో ఫిడే తొలిసారి టైటిల్ ఇచ్చినప్పుడు 27 మంది. ఇప్పటికి రెండు వేలు దాటారు, నిజమే. కానీ రేటింగ్ ఉన్న ఆటగాళ్ళు లక్షల్లో పెరిగారు. ఎంతో కొంత సులువు చేసుకునే దారులు లేవని కాదు. నార్మ్‌ల కోసమే నడిచే చిన్న టోర్నమెంట్లు ఉన్నాయి. అభిమన్యు మిశ్రా కూడా బుడాపెస్ట్‌లో నెలల తరబడి అలాంటివి వరుసగా ఆడి టైటిల్ తెచ్చుకున్నాడని అప్పట్లో చాలామంది పెదవి విరిచారు. అదే కుర్రాడు 2025లో, పదహారేళ్ళ వయసులో, సమర్‌ఖండ్‌లో ప్రపంచ ఛాంపియన్ గుకేశ్‌ను ఓడించాడు.

"ముప్పై దాటితే ముగిసినట్టే" అన్నది మరీ వింత. 2012లో ప్రపంచ టైటిల్ మ్యాచ్ ఆడిన ఆనంద్‌కు 42 ఏళ్ళు, బోరిస్ గెల్ఫాండ్‌కు 43. ఆనంద్ 2017లో, 48 ఏళ్ళప్పుడు, ప్రపంచ ర్యాపిడ్ (తక్కువ సమయంలో ముగిసే ఆట) ఛాంపియన్ అయ్యాడు. మిఖాయిల్ బోత్విన్నిక్ 49 ఏళ్ళప్పుడు 1961లో టైటిల్ తిరిగి గెలుచుకున్నాడు. వాసిలీ స్మిస్లోవ్ అరవై దాటాక, 1984లో, ప్రపంచ ఛాంపియన్‌తో తలపడే ఆటగాడిని తేల్చే క్యాండిడేట్స్ ఫైనల్ దాకా వచ్చి కాస్పరోవ్‌తో తలపడ్డాడు. నాకు అందరిలోకీ ఇష్టమైనవాడు విక్టర్ కోర్చ్‌నోయ్. ప్రపంచ టైటిల్ కోసం కార్పోవ్‌తో ఆడినప్పుడు ఆయన వయసు 47, మళ్ళీ ఆడినప్పుడు 50. 2011లో జిబ్రాల్టర్‌లో, 79 ఏళ్ళ వయసులో, నల్లపావులతో ఆడి, పద్దెనిమిదేళ్ళ ఫాబియానో కరువానాను ఓడించాడు. అప్పటికే కరువానా ప్రపంచ మేటి ఆటగాళ్ళలో ఒకడు.

ఇవన్నీ ప్రత్యేకమైన మనుషుల కథలు అనుకుంటే, 2020లో వచ్చిన ఒక అధ్యయనం ఉంది. 125 ఏళ్ళలో జరిగిన వేల గేముల్లోని ఎత్తులను కంప్యూటర్ ఎంచిన ఎత్తులతో పోల్చి చూశారు. ఆటలో పదును ఇరవై ఏళ్ళ దాకా వేగంగా పెరిగి, 35 ప్రాంతంలో శిఖరానికి చేరుతుందని తేలింది. ఆ తర్వాత తగ్గుతుంది, కానీ కొండ మీంచి పడ్డట్టు కాదు.

ఆడపిల్లల మాట. ఇది చదివి నాకు కోపమే వచ్చింది. నోనా గాప్రిందాష్విలీ 1978లోనే గ్రాండ్‌మాస్టర్ టైటిల్ అందుకుంది. జుడిత్ పోల్గర్ 1991లో, 15 ఏళ్ళ 4 నెలల వయసులో, ఫిషర్ 1958 నుంచి నిలబెట్టుకున్న రికార్డునే దాటింది. అప్పుడు ఆమె దాటింది మహిళల రికార్డును కాదు, మొత్తం చెస్ రికార్డును. తర్వాత ప్రపంచంలో ఎనిమిదో స్థానానికి చేరింది, 2002లో ర్యాపిడ్ గేమ్‌లో కాస్పరోవ్‌ను ఓడించింది. అదే 2002లో కోనేరు హంపి 15 ఏళ్ళ 1 నెల 27 రోజుల వయసులో, మహిళల్లో జుడిత్ పేరిట ఉన్న రికార్డును తిరగరాసింది. 2017లో తల్లి అయింది, అందుకోసం ఆటకు విరామం ఇచ్చి, తిరిగి వచ్చి 2019లో ప్రపంచ ర్యాపిడ్ ఛాంపియన్ అయింది, 2024లో మళ్ళీ అయింది. ద్రోణవల్లి హారిక 2022 ఒలింపియాడ్‌లో తొమ్మిదో నెల గర్భంతో ఆడి జట్టుతో కాంస్యం గెలిచింది.

మొత్తం రెండు వేల మందికి పైగా గ్రాండ్‌మాస్టర్లలో మహిళలు నలభై పైచిలుకే. ఎందుకంటే మొదట వచ్చేవాళ్ళే తక్కువ, వచ్చినవాళ్ళను నిలబెట్టేవాళ్ళు ఇంకా తక్కువ. నా క్లాసులో పదేళ్ళ వయసు దాకా ఆడపిల్లలు మగపిల్లలతో సమానంగా గెలుస్తారు. పదమూడు వచ్చేసరికి సగం మంది రావడం మానేస్తారు. బోర్డు ముందు ఓడిపోయి మానేసినవాళ్ళు వాళ్ళలో చాలా తక్కువ. దూరపు టోర్నమెంట్లకు ఎవరు తోడు వెళ్తారన్న దగ్గరే ఆగిపోతుంది. ఇలాంటి మెసేజ్ ఇంట్లో పెద్దల ఫోన్లోకి వస్తే, ఆగడానికి ఇంకో కారణం దొరుకుతుంది.

6000 కేలరీల సంగతి త్వరగా ముగిస్తాను. కూర్చుని ఆలోచించేటప్పుడు మెదడు వాడే శక్తి పెద్దగా పెరగదు. టెన్షన్‌కు గుండె వేగం పెరుగుతుంది, దాన్ని పట్టుకుని వ్యాయామం లెక్కలతో గుణించేస్తే అలాంటి అంకెలు వస్తాయి. పెద్ద పోటీల్లో మనుషులు చిక్కిపోవడం మాత్రం నిజం. 1984 సెప్టెంబర్‌లో మొదలైన కార్పోవ్, కాస్పరోవ్ మ్యాచ్ ఐదు నెలలు, 48 గేములు సాగి, ఫలితం తేలకుండానే ఆగిపోయింది. కార్పోవ్ అప్పటికి బాగా నీరసించిపోయాడు. తిండి, నిద్ర సరిగ్గా లేక, ఒత్తిడితో అలా అవుతుంది. అందుకే గ్రాండ్‌మాస్టర్లు పరుగు, ఈత లాంటివి విడిగా చేస్తారు. బోర్డు ముందు కూర్చుంటేనే సరిపోతే ఆ కష్టం ఎందుకు?

కంప్యూటర్ల గురించి. 1997 మేలో డీప్ బ్లూ అనే కంప్యూటర్ కాస్పరోవ్‌ను ఓడించినప్పుడు చెస్ పని అయిపోయిందన్నారు. ప్రపంచ ఛాంపియన్ అయిన గుకేశ్ పుట్టిందే ఆ తర్వాత. ఒకప్పుడు మంచి పుస్తకాలు, మంచి కోచ్ ఉన్న కొద్ది నగరాల పిల్లలకే అందే విశ్లేషణ, ఇప్పుడు ఇంజిన్ (ఎత్తులను విశ్లేషించే ప్రోగ్రామ్) వల్ల ఎవరికైనా అందుతోంది. కానీ ఇంజిన్ చూపించిన ఎత్తును బోర్డు ముందు గుర్తు తెచ్చుకోవాల్సింది, అర్థం చేసుకోవాల్సింది మనిషే. 2021లో దుబాయ్‌లో కార్ల్‌సన్, ఇయాన్ నెపోమ్నియాష్చీ ఆడిన ఆరో గేమ్ 136 ఎత్తులు, ఏడు గంటల 45 నిమిషాలు సాగింది. ఆ చివరి గంటల్లో ఇంట్లో తయారు చేసుకొచ్చిన ఓపెనింగ్ (ఆట మొదటి ఎత్తుల పథకం) ఎవరికీ పనికిరాలేదు.

చివరిగా కోట్లు. 2024 ప్రపంచ ఛాంపియన్‌షిప్ మొత్తం బహుమతి 25 లక్షల డాలర్లు. అది ఇద్దరు పంచుకున్నారు. టైటిల్‌తో పాటు జీతం రాదు. చాలామంది గ్రాండ్‌మాస్టర్లు కోచింగ్ ఇస్తారు, లీగ్ జట్లకు ఆడతారు, ఓపెన్ టోర్నమెంట్లు తిరుగుతారు, రాస్తారు, వ్యాఖ్యానం చేస్తారు. కొందరు పెద్ద ఆటగాళ్ళకు సెకండ్‌గా పనిచేస్తారు. అంటే మ్యాచ్‌కు ముందు నెలల పాటు ఓపెనింగులు తవ్వి, మ్యాచ్ రోజుల్లో రాత్రంతా మేలుకుని మర్నాటి గేమ్‌కు సరుకు సిద్ధం చేయడం. ఆనంద్ 2008, 2010, 2012 మ్యాచ్‌ల వెనక సూర్యశేఖర్ గంగూలీ అలా పనిచేశాడు. ఫొటోల్లో ఆనందే ఉంటాడు. ఆనంద్ వేసిన ఎత్తుల వెనక మాత్రం గంగూలీ లాంటివాళ్ళ రాత్రులున్నాయి.

చెస్‌తో పాటు వేరే జీవితం పెట్టుకున్నవాళ్ళూ ఉన్నారు. బోత్విన్నిక్ ఎలక్ట్రికల్ ఇంజినీర్. మార్క్ తైమనోవ్ కచేరీలిచ్చే పియానో కళాకారుడు. జాన్ నన్ గణితంలో డాక్టరేట్ తీసుకున్నాడు. కెన్నెత్ రోగాఫ్ ఆర్థికవేత్తగా అంతర్జాతీయ ద్రవ్యనిధిలో ముఖ్య ఆర్థికవేత్త అయ్యాడు. పిల్లల్ని చెస్‌లో పెట్టే తల్లిదండ్రులకు ఈ దారులన్నీ తెలియాలి. కోట్లు వస్తాయని ఆశపెట్టేవాళ్ళు, అవి రాకపోతే ఆ పిల్లలకు ఏం చెబుతారు?

ఆ పిల్లవాడితో ఆరోజు ఇంత మాట్లాడలేదు. బోర్డు తెరిచి, కోర్చ్‌నోయ్ జిబ్రాల్టర్‌లో ఆడిన ఆ గేమ్ మొదటి ఎత్తు నుంచి వేసి చూపించాను. మధ్యలో ఒకచోట ఆపి, నల్లవాళ్ళు ఇప్పుడు ఏం వేయాలని అడిగాను. మూడు నిమిషాలు ఆలోచించి ఒక ఎత్తు చెప్పాడు. తప్పు ఎత్తు. ఎందుకు తప్పో వెతుకుతూ ఇద్దరం ఇంకో గంట కూర్చున్నాం.